మట్టి ఇంటి ముందు నలుగురు అక్కచెల్లెళ్ళు: అమెరికా ఫ్రాంటియర్‌లో స్త్రీల పేర భూమి ఎలా వచ్చింది?

ప్రశ్న — నాగావళి

నెబ్రాస్కా రాష్ట్రంలోని లింకన్ నగరంలో ఉంటున్న మా అమ్మాయి దగ్గర కొన్ని నెలలు గడిపి ఈ మధ్యనే తిరిగి వచ్చాము. అక్కడ ఉండగా ఒక ఆదివారం మమ్మల్ని బియాట్రిస్ అనే ఊరి దగ్గర ఉన్న హోమ్‌స్టెడ్ జాతీయ చారిత్రక ఉద్యానానికి తీసుకువెళ్ళింది. ప్రభుత్వ భూమి మీద ఇల్లు కట్టి, సాగు చేసి, దాన్ని సొంతం చేసుకునే పద్ధతినే హోమ్‌స్టెడ్ అంటారట. 1867లో కట్టిన ఒక దుంగల ఇంటిని అక్కడ భద్రపరిచారు. ఇల్లు మొత్తం 14 అడుగుల వెడల్పు, 16 అడుగుల పొడవు మాత్రమే. అందులో ఒక దంపతులు పదిమంది పిల్లలతో కాపురం చేశారట. నేను గోడల పనితనం చూస్తూ నిలబడితే, మా ఆవిడ లోపలంతా ఒకసారి కలయజూసి, "ఇందులో బాలింత ఎక్కడ పడుకునేది?" అని అడిగింది. నా దగ్గర జవాబు లేదు.

తిరిగి వచ్చాక ఆ కాలపు ఛాయాచిత్రాలు వెతుకుతుంటే సోలమన్ బుచర్ అనే ఛాయాగ్రాహకుడు 1886లో కస్టర్ కౌంటీలో తీసిన చిత్రం ఒకటి కనబడింది. గడ్డి వేళ్ళతో సహా కోసిన మట్టిపెళ్ళలతో కట్టిన ఇంటి ముందు, పొడవాటి గౌనులు వేసుకున్న నలుగురు అక్కచెల్లెళ్ళు గుర్రాలతో సహా నిలబడి ఉన్నారు. వారి ఇంటిపేరు క్రిస్మన్. తమ పేర భూమి సంపాదించుకున్న స్త్రీలుగా చాలాచోట్ల ఈ చిత్రాన్నే చూపిస్తున్నారు.

నా సందేహం రెండు భాగాలు. ఓటు హక్కు కూడా లేని కాలంలో పెళ్ళికాని ఆడపిల్లలకు ప్రభుత్వం 160 ఎకరాల చొప్పున ఎలా ఇచ్చింది? ఇచ్చిందే అనుకుంటే, ఆ దుంగల ఇంట్లో పదిమంది పిల్లలను పెంచిన తల్లి పేర ఎందుకు ఇవ్వలేదు? తెలిసినవారు వివరించగలరు.

జవాబు — పాతదస్తావేజు

నాగావళి గారూ, భూమి కాగితాల మధ్యనే నా ఉద్యోగ జీవితమంతా గడిచింది కనుక ఈ విషయం నాకు ఇష్టమైనది. మీ రెండు ప్రశ్నలకూ జవాబు ఒకే వాక్యంలో ఉంది. ఆ వాక్యం 1862 మే 20న అధ్యక్షుడు అబ్రహాం లింకన్ సంతకం చేసిన హోమ్‌స్టెడ్ చట్టంలోనిది. దరఖాస్తుదారు కుటుంబ పెద్ద అయినా కావాలి, లేదా 21 ఏళ్ళు నిండినవారైనా కావాలి, అమెరికా పౌరులై గానీ పౌరసత్వం కోరుతున్నట్టు ప్రకటించినవారై గానీ ఉండాలి అని అది చెప్పింది. పురుషుడై ఉండాలని ఎక్కడా చెప్పలేదు. కాబట్టి పెళ్ళికాని స్త్రీ, వితంతువు, విడాకులు పొందిన స్త్రీ ల్యాండ్ ఆఫీసుకు వెళ్ళి తమ పేర దరఖాస్తు పెట్టుకోగలిగారు. భర్త వదిలేసి పోయిన స్త్రీని కూడా కుటుంబ పెద్దగా లెక్కించి అవకాశం ఇచ్చిన సందర్భాలు ఉన్నాయి.

భర్తతో కాపురం చేస్తున్న ఇల్లాలికి మాత్రం ఆ తలుపు మూసి ఉంది. ఇంగ్లండు నుంచి వచ్చిన పాత న్యాయ సంప్రదాయం ప్రకారం పెళ్ళితో స్త్రీ చట్టపరమైన ఉనికి భర్త ఉనికిలో కలిసిపోతుంది. కుటుంబ పెద్ద ఆయనే కనుక దరఖాస్తు కూడా ఆయనదే. మీరు చూసిన దుంగల ఇంటి తల్లి పదిమందిని కాదు, ఇరవైమందిని పెంచినా పట్టాలో ఆమె పేరు ఉండదు. భర్త మధ్యలో చనిపోతే మిగిలిన గడువు పూర్తిచేసి పట్టా తీసుకునే హక్కు వితంతువుకు ఉంటుంది. అంటే ఆ కాగితంలోకి ఆమె ప్రవేశించాలంటే ఆయన పోవాలి. నేను దీన్ని ఎకసెక్కానికి అనడం లేదు, చట్టం అమరిక అలా ఉంది.

పద్ధతి కూడా చెబుతాను. ముందు 12 డాలర్లు, చివర పట్టా సమయంలో 6 డాలర్లు, మొత్తం 18 డాలర్ల రుసుము. ఎంచుకున్న భూమి మీద ఇల్లు కట్టి, సాగు చేసి, 5 సంవత్సరాలు నివసించాలి. తర్వాత ఇద్దరు సాక్షులతో వెళ్ళి ఆ సంగతి నిరూపించుకోవాలి. అంతకాలం ఆగలేనివారు కొంతకాలం నివసించి, ఎకరానికి 1.25 డాలర్లు చెల్లించి ముందే సొంతం చేసుకోవచ్చు. 1912లో నివాస గడువును 3 సంవత్సరాలకు తగ్గించారు. స్వయంగా దరఖాస్తు పెట్టిన స్త్రీలు ఎందరన్నది ప్రాంతాన్ని బట్టి, కాలాన్ని బట్టి మారుతుంది కానీ, అటూ ఇటూగా పదిమందిలో ఒకరు అనుకోవచ్చు. ఇరవయ్యో శతాబ్దం మొదట్లో, పశ్చిమాన ఆఖరి భూములు పంచుతున్న రోజుల్లో, వారి సంఖ్య బాగా పెరిగింది.

ఇక ఆ ఛాయాచిత్రం. అక్కచెల్లెళ్ళలో లిజ్జీ మొదట దరఖాస్తు పెట్టింది 1887లో. లూటీ ఆ మరుసటి ఏడాది పెట్టింది. మిగిలిన ఇద్దరూ 21 ఏళ్ళు నిండేవరకు, అంటే 1892 దాకా ఆగవలసి వచ్చింది. చిత్రం తీసింది 1886లో కదా. అంటే బుచర్ కెమెరా ముందు నిలబడిన రోజున ఆ నలుగురిలో ఒక్కరి పేర కూడా హోమ్‌స్టెడ్ దరఖాస్తు లేదు. ఈ చిత్రం కింద "సొంత భూమి గల సోదరీమణులు" అని రాసేవారు తేదీలు సరిచూసుకుంటే బాగుంటుంది.

జవాబు — కవ్వం

పాతదస్తావేజు గారు కాగితం సంగతి చెప్పారు కనుక నేను పొయ్యి సంగతి చెబుతాను. నాగావళి గారి ఇంట్లోవారు అడిగిన ప్రశ్న నాకు సరైన ప్రశ్న అనిపించింది. దానికి జవాబు ఏమిటంటే, ఒక దుప్పటి అడ్డం కట్టేవారు, పొరుగు ఆడవాళ్ళలో కాన్పులు చేయడం తెలిసినామె వచ్చేది, ఆ వేళకు పిల్లలను బయటికో పొరుగింటికో తోలేవారు. పొరుగు అంటే మైలో రెండు మైళ్ళో దూరం.

అట్లాంటిక్ వైపు నుంచి వచ్చిన స్త్రీలకు ఆ గడ్డి మైదానంలో మొదట తగిలిన దెబ్బ చెట్లు లేకపోవడం. చెట్టు లేకపోతే దూలం లేదు, కట్టె లేదు. ఇల్లు మట్టిపెళ్ళలతో కట్టారు. శతాబ్దాలుగా అల్లుకున్న గడ్డి వేళ్ళు ఆ మట్టిని ఇటుకలా పట్టి ఉంచేవి. ప్రత్యేకమైన నాగలితో దాన్ని పొడవాటి పట్టీలుగా కోసి, మూడేసి అడుగుల ముక్కలు చేసి, గడ్డివైపు కిందికి ఉండేలా పేర్చేవారు. రెండు మూడు అడుగుల మందం గోడలు వేసవిలో చల్లగా, చలికాలంలో వెచ్చగా ఉండేవి. ఒక సామాన్యమైన ఇంటికి ఎకరం నేల మీది పెళ్ళలు పట్టేవి. ఇంతవరకు వినడానికి బాగానే ఉంటుంది. వాన కురిస్తే ఆ పైకప్పు నానిపోయి, బయట వాన ఆగిన తర్వాత కూడా లోపల బురదనీళ్ళు కారుతూనే ఉండేవి. ఒకరు గొడుగు పట్టుకుంటే ఇంకొకరు పొయ్యి దగ్గర వంట చేసిన రోజుల గురించి ఆ స్త్రీలు రాసుకున్నారు. పైనుంచి మట్టి, ఎలుకలు, ఒక్కోసారి పాములు పళ్ళెంలో పడకుండా కప్పు కింద పలచని గుడ్డ కట్టేవారు. అదే గోడ మందం వల్ల కిటికీ దగ్గర లోతైన గూడు ఏర్పడేది. అందులో పూలకుండీ పెట్టని ఇల్లాలు అరుదు.

వంటచెరకు ముచ్చట మన తెలుగువారికి అర్థమైనంతగా మరొకరికి అర్థం కాదేమో. పశ్చిమానికి బండ్లు కట్టుకుని నెలల తరబడి ప్రయాణించిన రోజుల్లో బైసన్ అనే అక్కడి అడవిదున్నల ఎండిన పేడే వంటచెరకు. తర్వాత స్థిరపడ్డ చోట ఆవుపేడ, మొక్కజొన్న బెండ్లు, తాడులా మెలిపెట్టిన ఎండుగడ్డి వాడుకున్నారు. కొత్తగా వచ్చిన స్త్రీ మొదట పేడను పట్టకారుతో ఎత్తేదట, కొన్నాళ్ళకు గుడ్డతో, మరి కొన్నాళ్ళకు కొంగు వంటి ముందుగుడ్డలో పోగు చేసుకునేది, చివరికి ఒట్టి చేతులతో పొయ్యిలో వేసి, అదే చేతులతో రొట్టె పిండి పిసికేది. దాలిలో పిడకల మీద కాగిన పాలు తాగి పెరిగిన నాకు ఇది చదివినప్పుడు నవ్వు వచ్చింది. వారికి మాత్రం అది సిగ్గుపడవలసిన సంగతి కావడం వల్లనే ఉత్తరాల్లో అంతసేపు రాశారు.

బట్టలు ఉతికే రోజు సోమవారం. బావి లోతుగా ఉన్న చోట, లేదా బావే లేని చోట నీళ్ళు పీపాలలో మోసుకురావాలి. సబ్బు కూడా ఇంట్లోనే కాయాలి. చలికాలమంతా పోగుచేసిన పొయ్యి బూడిద మీద నీళ్ళు పోసి, కిందికి దిగిన క్షారపునీటిని పట్టి, పందికొవ్వుతో కలిపి పెద్ద ఇనుప కాగులో గంటల తరబడి కాయడమన్న మాట. క్షారం సరిపోయిందో లేదో తెలియడానికి అందులో కోడిగుడ్డు వేసి చూసేవారు. గుడ్డు తేలి, పైన నాణెమంత మేర కనబడితే సరిపోయినట్టు. చేతులు ఏ స్థితికి వచ్చేవో ఊహించుకోండి.

నేను ముఖ్యంగా చెప్పదలచినది వెన్న గురించి. ప్రయాణంలో ఉదయం పితికిన పాలు ఒక పాత్రలో పోసి బండికి వేలాడదీస్తే, రోజంతా కుదుపులకు అది తనంతట తానే చిలికినట్టై సాయంత్రానికి వెన్న తేలేది. పొలం మీద స్థిరపడ్డాక అదే వెన్న, దానితోపాటు కోడిగుడ్లు, ఇంటికి ఆధారమయ్యాయి. గోధుమ పండితే వచ్చే డబ్బు ఏడాదికి ఒకసారి, అదీ పండితేనే. 1874 వేసవిలో మిడతల దండు వచ్చి కాన్సాస్, నెబ్రాస్కా ప్రాంతాల్లో చేలు మాత్రమే కాక, ఆరవేసిన బట్టలను, చెమట ఉప్పు పట్టిన పనిముట్ల పిడులను కూడా కొరికేసింది. అటువంటి ఏట కొట్టుకు వెళ్ళి పంచదార, కాఫీ, బూట్లు తెచ్చినవి ఇల్లాలి వెన్నా గుడ్లే. దరఖాస్తు భర్తది. ఐదేళ్ళు ఆ నేల మీద నిలబడగలిగేలా చేసినది మాత్రం కవ్వం.

జవాబు — ఎర్రమట్టి

రెండు జవాబులూ బాగున్నాయి. అయితే పెళ్ళికాని స్త్రీకి తలుపు తెరిచి, పెళ్ళయిన స్త్రీకి మూసిన చట్టం, ఈ రెండింటి మధ్య గడప మీద నిలబడ్డ స్త్రీని ఏం చేసిందో ఎవరూ చెప్పలేదు. ఎలినోర్ ప్రూయిట్ స్టీవర్ట్ కథ అదే.

చిన్న కూతురిని వెంటబెట్టుకుని డెన్వర్‌లో బట్టలు ఉతికి, ఇళ్ళలో పనిచేసి బతికిన ఈమె, 1909లో వయోమింగ్‌లోని బర్న్ట్ ఫోర్క్ అనే మారుమూల చోటికి క్లైడ్ స్టీవర్ట్ అనే రైతు ఇంట్లో పనికి వెళ్ళింది. వెళ్ళిన కొద్ది వారాలకే ఆయన భూమి పక్కనే తన పేర దరఖాస్తు పెట్టుకుంది. ఆరు వారాలకే ఆయనను పెళ్ళి చేసుకుంది. పెళ్ళి సంగతిని డెన్వర్‌లోని తన పాత యజమానురాలికి చాలాకాలం ఉత్తరాల్లో చెప్పకుండా దాచి, ఆ తర్వాత సిగ్గుపడుతూ చెప్పుకుంది. ఆ ఉత్తరాలే తర్వాత ఒక ప్రసిద్ధ మాసపత్రికలో వచ్చి ఆమెకు పేరు తెచ్చాయి. పట్నంలో రోజంతా ఇతరుల బట్టలు ఉతికే శ్రమ కంటే సొంత భూమి మీద చేసే శ్రమ తక్కువేనని, ఒంటరి స్త్రీలు ధైర్యం చేసి హోమ్‌స్టెడ్ భూములకు రావాలని ఆమె వాదం. చాకిరీ చేసిన చేతులతో రాసింది కనుక ఆ వాదానికి బరువుంది.

ఇందులో మెలిక ఏమిటంటే, ఆమె సరిహద్దు గీత భర్త ఇంటికి రెండడుగుల దూరంలో ఉండటంతో తన ఇంటిని ఆయన ఇంటికి ఆనించి కట్టుకుంది. భార్యాభర్తలు ఇద్దరూ రెండు వేర్వేరు క్లెయిముల మీద విడివిడిగా నివసిస్తున్నట్టు చూపించడం చట్టం దృష్టిలో చిక్కైన వ్యవహారం. చివరికి 1912లో ఆమె తన హక్కును వదులుకుంది. వెంటనే ఆ భూమికి ఆమె అత్తగారు దరఖాస్తు పెట్టారు, పట్టా ఆ పెద్దావిడ పేరనే వచ్చింది. భర్త సాయం లేకుండా పట్టా సాధిస్తానని పాఠకులకు చెప్పిన మనిషి పేర పట్టా రాలేదు. దీన్ని బట్టి ఆమె అబద్ధాలకోరు అని తేల్చేవారు ఉన్నారు. నేను అలా అనుకోను. భూమి కుటుంబం చేతిలో నిలిచింది. దానికి తన పేరు అడ్డమైతే ఆ పేరునే తీసేసింది. మన ఊళ్ళలో కూడా భూగరిష్ఠ పరిమితి రోజుల్లో ఎవరి పేర ఎందుకు రాశారో తెలిసినవారికి ఇది వింతగా తోచదు.

ఇంకొక చట్టం గురించి కూడా ఒక మాట. 1862 కంటే ముందే, 1850లో ఓరెగాన్ ప్రాంతానికి చేసిన చట్టం పెళ్ళయిన స్త్రీకి సొంతంగా వాటా ఇచ్చింది. దంపతులకు 640 ఎకరాలు, అందులో సగం భార్య పేర. వినడానికి ఎంతో ముందుచూపు గల చట్టం. కానీ భార్య ఉంటే 320 ఎకరాలు అదనంగా వస్తాయని తెలిసిన మగవాళ్ళు భార్యల కోసం తొందరపడ్డారు, పన్నెండు పదమూడేళ్ళ పిల్లలకు కూడా పెళ్ళిళ్ళు జరిగాయి. స్త్రీ పేర భూమి అనగానే స్త్రీకి మేలు అనుకోవడానికి లేదు.

జవాబు — పడమటిగాలి

చర్చ మొదలైన దగ్గరనుంచి నాకొక మాట అడ్డుపడుతోంది. ప్రభుత్వం భూమి "ఇచ్చింది" అంటున్నాం. ఎవరి దగ్గరనుంచి తెచ్చి ఇచ్చింది?

నెబ్రాస్కాలో లూప్, ప్లాట్ నదుల వెంట పానీ తెగవారు తరతరాలుగా ఊళ్ళు కట్టుకుని ఉన్నారు. వారివి కూడా మట్టి ఇళ్ళే, గుండ్రంగా, కొన్ని కుటుంబాలు కలిసి ఉండేంత పెద్దవి. ఆ ఇల్లు స్త్రీలది. ఊరి చుట్టూ మొక్కజొన్న, చిక్కుడు, గుమ్మడి పండించిన పొలాలు కూడా స్త్రీల చేతిలోవే. ఏ విత్తనం దాచాలి, ఏది నాటాలి అనే నిర్ణయం వారిదే. 1857 ఒప్పందంతో ఆ తెగ చేతిలోనుంచి చాలా భూమి పోయింది. 1870ల మధ్యలో మిగిలినవారు దక్షిణాన, నేటి ఓక్లహోమాకు తరలిపోవలసి వచ్చింది. క్రిస్మన్ సోదరీమణుల చిత్రానికి, ఆ వలసకు మధ్య ఉన్నది పదేళ్ళు, పన్నెండేళ్ళు. వారు నిలబడిన కౌంటీకి పెట్టిన పేరు, లిటిల్ బిగ్‌హార్న్ నది దగ్గర 1876లో ఆదివాసుల చేతిలో మరణించిన సైన్యాధికారి కస్టర్‌ది.

కాబట్టి పాతదస్తావేజు గారు చెప్పిన చట్టం ఆ నేల మీద స్త్రీలకు మొదటిసారి హక్కు తెచ్చిందని ఎవరైనా అంటే నేను ఒప్పుకోలేను. ఇల్లాలే ఇంటికి, చేనుకు హక్కుదారు అయిన చోట, ఇల్లాలిని మాత్రమే మినహాయించే చట్టం వచ్చింది.

వెళ్ళగొట్టబడ్డ పానీ స్త్రీలు విత్తనాల మూటలను వెంట తీసుకువెళ్ళారు. దక్షిణపు నేలలో అవి సరిగా పండలేదు. ఏళ్ళు గడిచేకొద్దీ కొన్ని రకాలు గుప్పెడు గింజలకు వచ్చాయి. ఈ శతాబ్దం మొదటి దశకంలో ఆ తెగవారు, నెబ్రాస్కాలోని కొందరు సాగుదారులు కలిసి ఆ గింజలను పాత నేలలోనే మళ్ళీ నాటి చూశారు. పండాయి.

మరొక విషయం కూడా ఈ చర్చలో రాలేదు. బానిసత్వం నుంచి బయటపడిన నల్లజాతి కుటుంబాలు 1877లో కాన్సాస్‌లో నికోడెమస్ అనే ఊరు కట్టుకున్నాయి. కెంటకీ నుంచి 1878లో అక్కడికి చేరిన విలియానా హిక్మన్, దూరం నుంచి ఊరు కనబడుతోందని తోటి మగవాళ్ళు అంటే, ఊరెక్కడ అని అడిగింది. భర్త నేలలోనుంచి లేస్తున్న పొగను చూపించి అదే ఊరని చెప్పాడు. జనం నేలను తవ్వుకుని లోపల ఉంటున్నారు. ఆమెకు ఏడుపు వచ్చింది. అయినా దంపతులు అక్కడే ఉండి, కొత్త జీవితం కట్టుకున్నారు.

తిరుగు ప్రశ్న — నాగావళి

అందరికీ కృతజ్ఞతలు. ఈ జవాబులన్నీ మా ఆవిడకు చదివి వినిపించాను. సబ్బు కాచే భాగం, గుడ్డు తేలడం ఆమెకు బాగా నచ్చాయి. కుంకుడుకాయలు ఉన్న దేశంలో పుట్టడం అదృష్టం అంది. పడమటిగాలి గారి ప్రశ్నకు నా దగ్గర సమాధానం లేదు, నా ప్రశ్నలో "ఇచ్చింది" అన్న మాటను అలా రాయకూడదనిపించింది. చివరిగా ఒక్కటి: ఈ పాత పట్టాలు, దరఖాస్తులు ఇప్పుడు సామాన్యులు చూడవచ్చా? మా అమ్మాయి ఉంటున్న ఇంటి నేల మొదట ఎవరి పేర ఉండేదో తెలుసుకోవాలని ఉంది.

జవాబు — పాతదస్తావేజు

చూడవచ్చు. సమాఖ్య ప్రభుత్వ భూ నిర్వహణ శాఖ వారి వెబ్‌సైటులో పట్టాల ప్రతులు ఉచితంగా దొరుకుతాయి. పేరుతోగానీ, రాష్ట్రం, కౌంటీ, భూమి సర్వేలోని సెక్షను సంఖ్యతోగానీ వెతకవచ్చు. పట్టా ఒక్క పుటే ఉంటుంది, అందులో పేరు, ఎకరాలు, తేదీ తప్ప పెద్దగా ఏమీ ఉండదు. అసలు సంగతులు దరఖాస్తు దస్త్రంలో ఉంటాయి, వాటిని జాతీయ దస్తావేజుల భాండాగారం భద్రపరిచింది. ఆఖరి విచారణలో దరఖాస్తుదారును, ఇద్దరు సాక్షులను విడివిడిగా ప్రశ్నించి జవాబులు రాసుకునేవారు కనుక, ఇల్లు దేనితో కట్టారు, ఎంత వెడల్పు, ఎన్ని ఎకరాలు దున్నారు, మధ్యలో ఎన్నాళ్ళు ఊరు విడిచి వెళ్ళారు, ఎందుకు వెళ్ళారు అన్నవి అందులో కనబడతాయి. స్త్రీల దస్త్రాల్లో ఈ ఆఖరి ప్రశ్నకు వచ్చే జవాబులు చదవదగ్గవి. చలికాలం పట్నంలో పనికో, బడిలో పాఠాలు చెప్పడానికో వెళ్ళి, ఆ జీతంతో తిరిగి వచ్చి చేను దున్నించినవారు చాలామంది.

కవ్వం గారి మాట విన్న తర్వాత నేను ఒక సలహా చేర్చదలచుకున్నాను. వెతికేటప్పుడు భార్యల కోసం చూస్తే పట్టాలో పేరు దొరకదు. "ఫలానా వారి వితంతువు" అని రాసి ఉన్న పట్టాలను తీసి, వాటి దస్త్రాలు తెప్పించుకోండి. భర్త పెట్టిన దరఖాస్తు మొదట ఉంటుంది. ఆయన మరణించిన తేదీ మధ్యలో వస్తుంది. ఆ తర్వాతి కాగితాల మీద ఉన్న సంతకమో, సంతకం రాకపోతే సిరాతో గీసిన గుర్తో ఆమెది.